నెలకు 41 వేలు కడుతున్నాం, అప్పు మాత్రం కదలట్లేదు

నిజాంపేట నుంచి ఒక పాఠకురాలు రాసిన ఉత్తరం కాస్త పొడవుగా ఉంది. సారాంశం ఇది:

"2022 మార్చిలో 65 లక్షలకు ఫ్లాట్ కొన్నాం. బ్యాంకు లోన్ 50 లక్షలు, 20 ఏళ్ల గడువు, 6.9 శాతం ఫ్లోటింగ్ (ఎప్పటికప్పుడు మారే) వడ్డీ, ఈఎంఐ రూ. 38,465. ఏడాది తిరిగేసరికి దాన్ని రూ. 41,467 చేశారు. గడువు కూడా పెంచారని మాకు ఈమధ్యే తెలిసింది. ఈ మార్చితో 48 వాయిదాలు అయ్యాయి. స్టేట్‌మెంట్ తీసి చూస్తే గుండె ఆగినంత పనైంది. మేం కట్టింది 19 లక్షల 54 వేలు. అసలు తగ్గింది 2 లక్షల 14 వేలు! ఇది మోసం కాదా? ఇప్పుడు బ్యాంకు వాళ్లే ఫోన్ చేసి వడ్డీ 8.15 శాతానికి దిగింది, ఈఎంఐ రూ. 36,980కి తగ్గిస్తాం అంటున్నారు. పాప స్కూలు ఫీజులకు కలిసొస్తుందని మా వారు ఒప్పుకుందామంటున్నారు. మామగారేమో ఎఫ్‌డీలో ఉన్న 8 లక్షలూ తెచ్చి లోన్‌లో పడేయమంటున్నారు. అలా చేస్తే పన్ను మినహాయింపు పోతుందని మా వారి భయం. ఎవరి మాట వినాలి?"

ముందు మోసం సంగతి. మీరు పంపిన అంకెలన్నీ లెక్క వేసి చూశాను. రూపాయి తేడా లేదు, బ్యాంకు లెక్క సరైనదే. కానీ మీ గుండె ఆగినంత పనవడానికి కారణం కూడా ఆ లెక్కలోనే ఉంది. దాన్ని మీ మామగారికి అర్థమయ్యే భాషలో చెబుతాను. ఈ లెక్క శాతాల్లో కంటే పైసల్లో బాగా తెలుస్తుంది.

ఊళ్లో నూటికి రూపాయి వడ్డీ అంటే ఏడాదికి 12 శాతం. ఆ లెక్కన మీ 6.9 శాతం అంటే నూటికి నెలకు యాభై ఏడున్నర పైసలు. 50 లక్షల్లో వందలు 50 వేలు ఉంటాయి. ఒక్కో వందకు యాభై ఏడున్నర పైసలు చొప్పున మొదటి నెల వడ్డీయే రూ. 28,750. మీరు కట్టిన 38,465లో అది పోగా అసలుకు జమ అయింది 9,715 రూపాయలు. ఏ ఇంటి లోన్ అయినా ఇలాగే మొదలవుతుంది. ముందు వడ్డీ తీసుకుని, మిగిలింది అసలుకు వేస్తారు. వడ్డీ రేటు మారకుండా ఉండి ఉంటే ఈ నాలుగేళ్లలో మీ అసలు 5 లక్షల 35 వేలు తగ్గేది.

మారింది. మీరు లోన్ తీసుకునేనాటికి రిజర్వ్ బ్యాంకు రెపో రేటు, అంటే బ్యాంకులకు అది అప్పిచ్చే వడ్డీ, 4 శాతం. కోవిడ్ నాటి తక్కువ రేటు అది, ఎల్లకాలం ఉండేది కాదు. 2022 మేలో పెంచడం మొదలుపెట్టి 2023 ఫిబ్రవరికల్లా 6.5 శాతానికి తీసుకెళ్లారు. మీ లోన్ రెపోకు ముడిపెట్టినది, దాని మీద బ్యాంకు తన వంతుగా కలుపుకునే స్ప్రెడ్ 2.9 శాతం. అలా మీ వడ్డీ 9.4 శాతం అయింది, అంటే నూటికి 78 పైసలు. 2023 ఏప్రిల్‌లో మీ బాకీ 49 లక్షల 43 వేలు. దాని మీద నెల వడ్డీ ఎంతో తెలుసా? రూ. 38,723. మీ పాత ఈఎంఐ రూ. 38,465. అంటే ఈఎంఐ పెంచకపోతే మీరు వాయిదా మొత్తం కట్టిన తర్వాత కూడా ప్రతి నెలా అప్పు 258 రూపాయలు పెరుగుతూ పోయేది!

అందుకే ఈఎంఐని 41,467 చేశారు. అదీ చాలదు. గడువు మారకుండా 2042 మార్చికే తీరాలంటే ఆనాడు ఈఎంఐ 46,587 కావాలి. అంత పెంచితే మీరు గొడవ పెడతారని, మిగతా బరువును గడువు మీదికి నెట్టి 2052 మార్చి దాకా సాగదీశారు. ఆ తర్వాత రెండేళ్లు వడ్డీ 9.4 దగ్గరే ఆగిపోయింది. మొదటి నెల 41,467 కడితే అసలుకు పోయింది 2,744. ఆ 24 నెలల్లో మీరు కట్టింది 9 లక్షల 95 వేలు, అసలు తగ్గింది 72 వేలు. మీ స్టేట్‌మెంట్‌లో గుండె ఆగే చోటు సరిగ్గా ఇదే.

ఇలా చడీచప్పుడు లేకుండా గడువులు పెంచుతున్నారని ఫిర్యాదులు రావడంతో 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంకు కొత్త నిబంధనలు తెచ్చింది. వడ్డీ మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పొడిగించుకోవాలా, రెండూ కొంత కొంతా అన్నది అప్పు తీసుకున్నవాళ్లు ఎంచుకునే వీలుండాలి. వడ్డీకి కూడా చాలని ఈఎంఐతో అప్పు పెరిగిపోయేలా గడువు సాగదీయకూడదు. ప్రతి మూడు నెలలకూ ఎంత అసలు, ఎంత వడ్డీ కట్టారో, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయో తెలిపే స్టేట్‌మెంట్ అందుబాటులో ఉంచాలి. మీ గడువు దానికి నాలుగు నెలలు ముందే పెరిగిపోయింది, అది మీ దురదృష్టం. కానీ ఆ మూడు నెలల స్టేట్‌మెంట్లు మీ బ్యాంకు యాప్‌లో ఇన్నాళ్లూ ఉండే ఉంటాయి. కోప్పడకండి, నేనూ నా మొదటి ఇంటి లోన్ కాగితాలు మూడేళ్ల దాకా విప్పి చూడలేదు. చూసేసరికి లక్షన్నర రూపాయల లోన్ ఇన్సూరెన్స్ ప్రీమియాన్ని కూడా అప్పులోనే కలిపేసి ఉంది. 8.5 శాతం మీద 20 ఏళ్లకు ఆ లక్షన్నర 3 లక్షల 12 వేలు అవుతుంది. అదే కవరేజీకి విడిగా టర్మ్ పాలసీ తీసుకుని ఉంటే ఆ వడ్డీ తప్పేది. మీ 50 లక్షల్లోనూ అలాంటిదేమైనా దూరిందేమో శాంక్షన్ లెటర్ తీసి చూడండి.

ఇక ఇప్పటి ఫోన్ కాల్. నాకు మోసం కంటే ఇదే ఎక్కువ భయం కలిగించింది.

2025లో రెపో రేటు నాలుగు విడతల్లో 6.5 నుంచి 5.25కు దిగింది. మీ వడ్డీ 8.15 అయింది, నూటికి 68 పైసలు. మీ బాకీ ఈరోజుకు 47 లక్షల 86 వేలు. ఈఎంఐ 36,980కి తగ్గిస్తే నెలకు 4,487 రూపాయలు మిగులుతాయి, నిజమే. కానీ అప్పు 2052 మార్చి దాకా ఉంటుంది. అప్పటికి మీ వారికి 62 ఏళ్లు. ఇక్కడి నుంచి మీరు కట్టేది మొత్తం 1 కోటి 15 లక్షల 37 వేలు. అలా కాకుండా ఇప్పుడు కడుతున్న 41,467నే కడుతూ పోతే 2045 ఫిబ్రవరికి తీరిపోతుంది, మొత్తం సుమారు 93 లక్షల 85 వేలు. తేడా 21 లక్షల 50 వేలు. మూడేళ్లుగా అలవాటైన ఈఎంఐనే ఇంకొన్నాళ్లు కట్టినందుకు వచ్చే తేడా ఇది. వడ్డీ పెరిగినప్పుడు గడువు పెంచడం, తగ్గినప్పుడు ఈఎంఐ తగ్గించడం, రెండుసార్లూ లాభం ఎవరికో వేరే చెప్పక్కర్లేదు.

ఇంటి లోన్ అసలు ఖరీదు వడ్డీ రేటులో కంటే గడువులో దాగుంటుంది. కొనేటప్పుడు అందరం పావు శాతం తక్కువకు ఎవరిస్తారా అని నాలుగు బ్యాంకులు తిరుగుతాం, పది సంవత్సరాల గడువు మాత్రం ఒక ఎస్సెమ్మెస్‌తో పెరిగిపోతే పట్టించుకోం.

నిజంగా నెల గడవకపోతే ఈఎంఐ తగ్గించుకోవడం తప్పు కాదు. కానీ ఉత్తరం చివర్లో మీరు నెలకు 10 వేల చీటీ వేస్తున్నామనీ, అది నవంబరుతో అయిపోతుందనీ రాశారు. పాప ఫీజుకు అది చాలు. ఈఎంఐ జోలికి పోవద్దు.

మామగారి సలహా సగం మంచిది. ఈ అప్పు మీద ముందుగా కట్టే ప్రతి రూపాయికీ 8.15 శాతం కచ్చితమైన ఆదాయం వచ్చినట్టే, పైగా దాని మీద పన్ను లేదు. ఎఫ్‌డీ మీద ఆరున్నర శాతం వస్తోందనుకున్నా, 20 శాతం పన్ను స్లాబులో ఉన్నవాళ్లకు చేతికందేది ఐదుంపావు దాటదు. కాబట్టి ఎఫ్‌డీని లోన్‌లో వేయడం లెక్కప్రకారం సరే. కానీ 8 లక్షలూ కాదు. మీ ఇద్దరివీ ప్రైవేటు ఉద్యోగాలు. ఇంటి ఖర్చు, ఈఎంఐ కలిపి నెలకు లక్ష దాకా అవుతున్నాయన్నారు. ఒకరి ఉద్యోగం పోయినా ఆరు నెలలు ఇల్లు నడవాలంటే 6 లక్షలు పక్కన ఉండాలి. లోన్‌లో వేసిన డబ్బు ఇల్లు అమ్మితే తప్ప తిరిగి రాదు, లేదంటే టాప్ అప్ లోన్ (అదే ఇంటి మీద అదనపు అప్పు) కోసం మళ్లీ అదే బ్యాంకు మెట్లెక్కాలి. 2 లక్షలు కట్టండి. ఆ 2 లక్షలతో 21 వాయిదాలు ఎగిరిపోతాయి. ఫ్లోటింగ్ రేటు ఇంటి లోన్‌ను వ్యక్తులు ముందుగా కడితే బ్యాంకులు పెనాల్టీ వేయకూడదని రిజర్వ్ బ్యాంకు 2012లోనే చెప్పింది. ఒక్క జాగ్రత్త: డబ్బు కట్టేటప్పుడు "ఈఎంఐ మార్చవద్దు, గడువు తగ్గించండి" అని ఫారంలో రాయండి. రాయకపోతే కొన్ని చోట్ల ఈఎంఐ తగ్గించి ఊరుకుంటారు.

మీ వారి పన్ను భయం గురించి ఒక్క మాట. కొత్త పన్ను విధానంలో సొంతంగా ఉండే ఇంటి లోన్ వడ్డీకి మినహాయింపే లేదు. పాత విధానంలో ఉంటే ఒక్కొక్కరికి ఏడాదికి 2 లక్షల వడ్డీ దాకా ఉంటుంది, అదీ మీరిద్దరూ ఇంటి యజమానులై, లోన్‌లోనూ భాగస్వాములైతే. అయినా నూరు రూపాయలు వడ్డీ కట్టి అందులో ఇరవయ్యో ముప్ఫయ్యో పన్ను మిగుల్చుకోవడం కోసం అప్పు అట్టేపెట్టుకునే తర్కం నాకెప్పుడూ బోధపడలేదు.

మీరు అడగని ఒక సంగతి ఉంది. మీ స్ప్రెడ్ 2.9 శాతం ఇప్పటికీ అలాగే ఉంది. ఈమధ్య మంచి సిబిల్ స్కోరు ఉన్న కొత్తవాళ్లకు ఏడున్నర లోపే ఇస్తున్న బ్యాంకులున్నాయి. నాలుగేళ్లుగా ఒక్క వాయిదా తప్పని మీరు వాళ్లకంటే ఎక్కువ కట్టడమేమిటి? బ్రాంచికి వెళ్లి స్ప్రెడ్ తగ్గించమని అడగండి. రేటు మార్చినందుకు కన్వర్షన్ ఫీజు కొద్దిగా ఉండొచ్చు, అది చెల్లించినా నష్టం లేదు. కాదంటే వేరే బ్యాంకుకు మారతామని చెప్పండి, ఆ మాటకు చాలాసార్లు పని జరుగుతుంది. నిజంగా మారాల్సి వస్తే మాత్రం ప్రాసెసింగ్ ఫీజు, లాయరు, వాల్యుయేషన్, తనఖా రిజిస్ట్రేషన్ ఖర్చులన్నీ ముందే కాగితం మీద రాయించుకుని కూడుకోండి. 2 లక్షలు కట్టకపోయినా, 7.5 శాతానికి దిగితే చాలు, అంతే 21 వాయిదాలు తగ్గుతాయి. చూడండి, చేతిలోంచి 2 లక్షలు కట్టినా, బ్రాంచి మేనేజరుతో అరగంట మాట్లాడినా ఫలితం దాదాపు ఒకటే!

చివరగా, "ఇంటికి రెండింతలు కడుతున్నాం" అని మీరు రాసిన వాక్యం. ఆ లెక్క అంత సూటిగా ఉండదు. 2045లో మీరు కట్టే 41 వేలు ఇవాళ్టి 41 వేలు కాదు. ఏడాదికి 6 శాతం ధరలు పెరిగితే ఇరవై ఏళ్ల తర్వాతి రూపాయి నేటి 31 పైసలతో సమానం. ఇల్లు కొనకముందు 20 వేల అద్దె కట్టేవాళ్లమన్నారు. ఆ అద్దె ఒక్క రూపాయి కూడా పెరగలేదనుకున్నా ఈ నాలుగేళ్లలో 9 లక్షల 60 వేలు పోయేవే. మీరు కట్టిన 17 లక్షల 40 వేల వడ్డీలోంచి దాన్ని తీసేసి చూడండి. మరోవైపు రిజిస్ట్రేషన్‌కు అయిన ఏడున్నర శాతం, కప్‌బోర్డులు, మెయింటెనెన్స్, ఆస్తి పన్ను ఏవీ లోన్ స్టేట్‌మెంట్‌లో కనబడవు, అవి ఇటు కలపాలి. కలిపినా తీసేసినా ఇల్లు కొనడం తప్పు నిర్ణయమని నాకనిపించడం లేదు. ఆ టెన్షన్‌తో పీఎఫ్ తీయడం, బంగారం తాకట్టు పెట్టడం లాంటివి మాత్రం చేయకండి.

ఇప్పుడు చేయాల్సింది ఇది. ఈ వారంలోనే ఈఎంఐ తగ్గింపు వద్దని బ్యాంకుకు ఈమెయిల్ పెట్టండి, ఫోన్‌లో చెబితే చాలదు. 2 లక్షలు కట్టండి. స్ప్రెడ్ కోసం దరఖాస్తు ఇవ్వండి. రెండూ జరిగి వడ్డీ 7.5కు వస్తే, ఇదే 41,467తో ఇంకా 189 వాయిదాలే మిగులుతాయి. స్ప్రెడ్ తగ్గించకపోతే నవంబరులో చీటీ అయిపోయాక అందులోంచి 3 వేలు ఈఎంఐకి కలపండి, అప్పుడు కూడా మొదట అనుకున్న 2042 మార్చికి ముందే తీరుతుంది. అన్నీ అయ్యాక సవరించిన వాయిదాల షెడ్యూలు ప్రింటు తీయించి, అన్నిటికంటే ముందు ఆఖరి పేజీ తిప్పండి. 7.5 ఇచ్చి ఉంటే అక్కడ చివరి వాయిదా 2041 డిసెంబరు అని ఉండాలి. 2052 అని కనబడితే ఆ కాగితం తీసుకోకుండా కౌంటరు దగ్గరే కూర్చోండి.