స్తంభం దిగకముందే కాగితం పెట్టు

బిడ్డా,

మన చెలకలో కరెంటోళ్లు కొత్త లైను కోసం సున్నంతో గుర్తులు పెట్టి పోయారని మీ అమ్మ ఫోన్‌లో చెప్పింది. నువ్వు టెన్షన్‌తో రాత్రంతా నిద్రపోలేదట. గుర్తు పెట్టినంత మాత్రాన ఏమీ అయిపోలేదు. కానీ ఈ వారం ఊరికే పోనివ్వకు.

నా చెలకలో స్తంభం దిగిన రోజు నేను ఎనుమాముల మార్కెట్‌లో మిర్చి బస్తాల దగ్గర ఉన్నాను. పొద్దుగూకి వచ్చేసరికి స్తంభం నిలబడింది, అది ఒరగకుండా లాగి కట్టే తీగ, స్టే వైరు, ఒడ్డు దాటి రెండు గజాలు లోపలికి దిగింది. ఇప్పటికీ ట్రాక్టర్ అక్కడ తిరగదు. గొర్రు పడక ఆ మూలంతా ఏటా గడ్డే. అడిగితే "అప్పుడే చెప్పాల్సింది" అన్నారు. నాకు అప్పుడు నోటితో కొట్లాడటమే తెలుసు.

ముందు, వచ్చేది ఏ లైనో, ఏ అధికారంతో వేస్తున్నారో కనుక్కో. 2003 విద్యుత్ చట్టం 67వ సెక్షన్ కింద 2006లో వర్క్స్ ఆఫ్ లైసెన్సీస్ రూల్స్, అంటే కరెంటు లైన్లు వేసే సంస్థలు పాటించాల్సిన నియమాలు, వచ్చాయి. వాటి ప్రకారం నీ భూమిలో స్తంభం పాతాలంటే ముందుగా నీ సమ్మతి కావాలి. నువ్వు వద్దంటే వాళ్లు కలెక్టర్ దగ్గరో, ప్రభుత్వం నియమించిన అధికారి దగ్గరో రాతపూర్వకంగా అనుమతి తెచ్చుకోవాలి. పరిహారమో, ఏటా అద్దెనో, రెండూనో నిర్ణయించేటప్పుడు నీ మాట కూడా చూడాలి. భూమి యజమానే కాదు, సాగులో ఉన్నవాడు కూడా అభ్యంతరం చెప్పొచ్చు. కాబట్టి మన పక్క చెలక కౌలుకు చేసే అతనికి కూడా ఈ సంగతి చెప్పు. పాతేసిన తర్వాత కూడా సరైన కారణం చూపిస్తే, స్తంభాన్నో స్టేనో మార్చమని కలెక్టర్ ఆదేశించొచ్చు. ఇది తెలిసిన నాటి నుంచి నా ఒడ్డు చూసినప్పుడల్లా మనసు కాలుతుంది.

పెద్ద టవర్ల సంగతి వేరు. అదే విద్యుత్ చట్టం 164వ సెక్షన్ కింద ప్రభుత్వం లైను వేసే సంస్థకు టెలిగ్రాఫ్ చట్టం అధికారాలు ఇస్తే నీ సమ్మతి అక్కర్లేదు, సుప్రీంకోర్టు కూడా అదే చెప్పింది. అందుకే "మాకు పవర్ ఉంది" అని ఎవరన్నా అంటే ఆ ఉత్తర్వు కాపీ ఇమ్మని రాసి అడుగు. ఉత్తర్వు ఉన్నా సరే, వీలైనంత తక్కువ నష్టంతో పని చేయాలి, జరిగిన నష్టానికి పూర్తి పరిహారం కట్టాలి. నువ్వు అడ్డం చెబితే టెలిగ్రాఫ్ చట్టం 16వ సెక్షన్ కింద కలెక్టర్ దగ్గరికి పోవాల్సింది వాళ్లే. డబ్బు తక్కువనిపిస్తే జిల్లా కోర్టు ఉంది. టవర్ లైనైతే తీగల కింద పోయే భూమి పట్టీ కూడా లెక్కలోకి వస్తుంది. 2024 జూన్‌లో కేంద్రం ఇచ్చిన మార్గదర్శకాల్లో టవర్ కాళ్ల కింది భూమికి విలువలో 200 శాతం, పట్టీకి 30 శాతం అని ఉంది. రాష్ట్రం ఒప్పుకుంటేనే అవి నడుస్తాయి, అయినా దరఖాస్తులో రాయి.

దరఖాస్తు పొడుగ్గా వద్దు. సర్వే నంబరు, ఎన్ని గుంటలు పోతాయి, బోరు ఎక్కడుంది, ఏ పంట నిలబడి ఉంది, ఇంతే. కింద "నా మాట వినకుండా పని మొదలుపెట్టవద్దు" అని రాయి. ఉత్తగా వద్దనకు, ఒడ్డు వెంట లైను తిప్పే దారి ఉంటే నక్షా మీద గీసి జత చెయ్యి. అధికారులు ఎక్కువగా ఆ గీతనే చూస్తారు. పాస్‌బుక్ జిరాక్స్, సున్నం గుర్తుల ఫొటోలు పెట్టు. పట్టా మీ బాపు పేరు మీద ఉంది కాబట్టి సంతకం ఆయనే చెయ్యాలి.

ఒకటి కరెంటాఫీసులో ఏఈకి, అంటే అసిస్టెంట్ ఇంజనీరుకు ఇవ్వు, ఇంకొకటి సోమవారం కలెక్టరేట్ ప్రజావాణిలో ఇవ్వు. నీ కాపీ మీద ముద్ర, తేదీ పడేదాకా అక్కడి నుంచి కదలకు. గుర్తులు చెరపకు, కూలోళ్ల మీదికి పోకు, వాళ్లు కూలికి వచ్చినవాళ్లే.

ఆదివారం పొద్దున పరకాల బస్సుకు వస్తున్నా. టేపు తెస్తా, ఇద్దరం కలిసి కొలుద్దాం.

మీ పెద్దబాపు