మీ ఇల్లు పాప కాల్‌షీట్ మీద నడవకూడదు

చిరంజీవికి పెదనాన్న ఆశీస్సులు.

ఒరేయ్ నాన్నా, నీ ఫోన్ వచ్చిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. చిట్టితల్లికి సినిమాలో వేషం వచ్చిందంటే సంతోషమే. కానీ ఆఖర్న నువ్వన్న మాట, "అవసరమైతే ఒక ఏడాది ఉద్యోగానికి సెలవు పెట్టేస్తా పెదనాన్నా" అని, అదే చెవిలో తిరుగుతోంది. ఆ ఒక్క పనీ చేయకు. మిగతావాటికి ఏదో ఒక దారి దొరుకుతుంది.

మీ తాతయ్య అదే చేశాడు. మీ నాన్న నీకు చెప్పి ఉండడు, వాడు అప్పటికి చంటివాడు. గుమస్తా ఉద్యోగం వదిలేసి, సినిమా వేషాల కోసం నన్ను వెంటబెట్టుకుని మద్రాసు వచ్చాడు. వడపళనిలో ఒక గది. నా షూటింగ్ నుంచి రాగానే నాకిచ్చిన డబ్బు కవరు విప్పి, మంచం మీద నోట్లు పరిచి లెక్కపెట్టేవాడు. అద్దెకింత, బియ్యానికింత, మీ నాన్న పాలడబ్బాకింత. నేను గోడకి ఆనుకుని చూస్తుండేవాణ్ణి. నన్నెవరూ ఒక్క మాట అనలేదు. అయినా ఒళ్ళు కాలిపోతున్నా అమ్మకి చెప్పేవాణ్ణి కాదు. చెబితే ఆ రోజు కవరు రాదుగా! అప్పుడు నాకు తొమ్మిదేళ్ళు.

పదమూడో ఏట గొంతు బొంగురుపోయింది. ఒక ప్రొడక్షన్ మేనేజర్ నన్ను ఎగాదిగా చూసి, "ఎదిగిపోయాడండీ" అన్నాడు నాన్నతో. అంతే, టైటిల్స్‌లో నా పేరు ముందు బాలనటులకి వేసే 'మాస్టర్' పడటం ఆగిపోయింది, ఆ వెనకే పేరూ పోయింది. పొట్టి నిక్కరులో చిన్నవాడిలా కనబడతానని అమ్మ ఆరు నెలలు కొత్తవి కుట్టించలేదు. ఎదిగినందుకు ఇంట్లో తిట్లు తిన్న పిల్లాణ్ణి నేనే అయ్యుంటాను.

ఇక డబ్బు సంగతి. 1921లో చాప్లిన్ 'ది కిడ్'లో నటించిన జాకీ కూగన్ గుర్తున్నాడా? ఆ పిల్లాడు లక్షల డాలర్లు సంపాదించాడు. పెద్దయ్యాక చూసుకుంటే అంతా ఖర్చయిపోయింది. 1938లో కన్నతల్లి మీదా సవతితండ్రి మీదా కేసు వేస్తే చేతికొచ్చింది సుమారు 1,26,000 డాలర్లు. ఆ గొడవ వల్లే 1939లో కాలిఫోర్నియాలో పిల్లల సంపాదన కాపాడే చట్టం వచ్చింది. తల్లిదండ్రులు దుర్మార్గులైతేనే ఇలా జరుగుతుందనుకోకు. మా నాన్న ఒక్క పైసా తాగలేదు, పేకాడలేదు. ఇల్లు నడిపాడు, అంతే.

మన దగ్గరా 2017 నుంచి నిబంధనలున్నాయి. పాప సంపాదనలో 20 శాతానికి తగ్గకుండా జాతీయ బ్యాంకులో తన పేరు మీద ఫిక్స్‌డ్ డిపాజిట్ వేయాలి, మేజరయ్యాకే అది చేతికొస్తుంది. ఆ 20 దగ్గరే ఆగకు. పాప రాకపోకల ఖర్చులు పోను మిగిలిందంతా అందులోనే వెయ్యి. పనికి రోజుకు 5 గంటలు దాటకూడదు, విరామం లేకుండా 3 గంటలు మించకూడదు, వరసగా 27 రోజులకు మించి పనిచేయించకూడదు. నిర్మాత జిల్లా మేజిస్ట్రేట్ అనుమతి తీసుకోవాలి. ఆ కాగితం చూపించమని నువ్వే అడుగు. అడిగితే ఏమనుకుంటారో అని మొహమాటపడకు. "ఇంకొక్క షాటే సార్" అంటూనే రాత్రి పదకొండు చేస్తారు, నాకు తెలుసు.

చదువు గురించి నీకు చెప్పక్కర్లేదు. ఇంటికి చుట్టాలొస్తే మాత్రం "ఆ డైలాగ్ చెప్పమ్మా" అని దాన్ని నిలబెట్టకు. సెట్లో చేసింది చాలు.

"అలీ లేడా, తేజ సజ్జా లేడా" అన్నావు. ఉన్నారు, ఎందుకు లేరు! 1981లో 'సీతాకోకచిలుక'లో చూసిన అలీ 'యమలీల'తో హీరో అయింది 1994లో. తేజ 1998లో 'చూడాలని ఉంది'లో పసివాడు, హీరోగా 'జాంబీ రెడ్డి' 2021లో గానీ రాలేదు. ఒకరికి పదమూడేళ్ళు, ఇంకొకరికి ఇరవై మూడు. అన్నాళ్ళు నువ్వు జీతం లేకుండా కూర్చోగలవా? వాళ్ళని చూసి లెక్కలేసుకుని మద్రాసు బస్సెక్కినవాళ్ళు ఎందరో. నాతో పాటు సెట్లో బిస్కెట్లు పంచుకున్న ఒకడు తర్వాత కొరియర్ ఆఫీసులో పనిచేశాడు. సుఖంగానే ఉన్నాడులే, సినిమాలు మాత్రం చూడడు.

అగ్రిమెంట్ మీద సంతకం పెట్టేముందు ప్రతి పేజీ ఫొటో తీసి నాకు వాట్సాప్‌లో పెట్టు. ఇంకోటి, పాపకి ఆ వేషం ఇష్టమో కాదో నువ్వు ఇంట్లో లేనప్పుడు కోడల్ని అడగమను. నీ ఎదురుగా అడిగితే "ఇష్టమే నాన్నా" అంటుంది. నేనూ అలాగే అనేవాణ్ణి.

మీ పెదనాన్న