ఓసీడీ ఉన్నవాళ్లను భయపడే వస్తువునే ముట్టుకోమంటారెందుకు?

ఓసీడీ అంటే వద్దన్నా వచ్చే భయాలు, వాటిని తగ్గించుకోడానికి ఒకే పనిని మళ్లీ మళ్లీ చేసే సమస్య. చికిత్సలో అలా ముట్టుకోమనేది ధైర్యం రావడానికని చాలామంది అనుకుంటారు. అసలు కిటుకు ముట్టుకోవడంలో కంటే, ముట్టుకున్నాక చేతులు కడుక్కోకుండా ఉండడంలో ఉంది.

తలుపు గడియ తగలగానే ఏదో రోగం అంటుకుందని టెన్షన్. సబ్బుతో కడగ్గానే హాయి. ఆ హాయితోనే వచ్చింది చిక్కు. కడిగాను కాబట్టే ఏమీ కాలేదని మెదడు లెక్క వేసుకుంటుంది. కడగకపోయినా ఏమీ కాదని తెలుసుకునే అవకాశం దానికి దొరకదు. లండన్‌లో విక్టర్ మేయర్ అనే సైకాలజిస్టు ఇద్దరు రోగులను ఇలాంటి పనులు చేయకుండా ఆపించి, ఫలితాలను 1966లో ప్రచురించారు. ఇప్పుడు దీన్ని ఈఆర్‌పీ (ఎక్స్‌పోజర్ అండ్ రెస్పాన్స్ ప్రివెన్షన్, అంటే భయాన్ని ఎదుర్కొని, అలవాటైన పనిని ఆపుకోవడం) అంటున్నారు.

థెరపిస్టు ముందు భయాలకు 0 నుంచి 100 వరకు మార్కులు వేయిస్తారు. 40 మార్కుల గడియతో మొదలు. గడియ పట్టుకున్న చేత్తోనే బిస్కెట్ తినమనొచ్చు. గుండె దడ, అరచేతుల్లో చెమట, కళ్లు సింక్ వైపే. అయినా లేవకూడదు.

దీంతో పాత భయం చెరిగిపోతుందా? లేదు. రష్యన్ శాస్త్రవేత్త పావ్‌లోవ్ కుక్కలకు శబ్దం వినగానే తిండి వస్తుందని అలవాటై లాలాజలం ఊరేది. శబ్దం వినిపించి తిండి పెట్టకపోతే అలా ఊరడం ఆగింది, కాసేపు విరామమిచ్చి మళ్లీ వినిపిస్తే ఊరింది. పాత జ్ఞాపకం పక్కనే 'ఏమీ కాలేదు' అనే కొత్తది చేరుతుందంతే. అందుకే క్లినిక్‌లో చేసింది ఇంట్లో, బస్సులో, ఆఫీసులో కూడా చేయాలి.

ఇంట్లోవాళ్లకో మాట: వాళ్లు "ఏమైనా అవుతుందా" అని అడిగిన ప్రతిసారీ "ఏం కాదులే" అని చెప్పడం కూడా సబ్బు అందించడం లాంటిదే. ఇక సమస్య తీవ్రంగా ఉంటే సైకియాట్రిస్టు మందులూ కలుపుతారు.