వాయిస్ ఓవర్ కొట్టేశాను, తిట్టుకోకు

తమ్ముడూ,

నీ స్క్రిప్టు రెండుసార్లు చదివాను. పన్నెండు నిమిషాల సినిమాలో తొమ్మిది నిమిషాలు నీ హీరో మనసు మాట్లాడుతూనే ఉంది. చొక్కా కింద కత్తి దోపుకుని అన్న ఇంటికి నడుస్తున్నవాడికి అంత వ్యాకరణం ఎక్కడిది? "నాలోని అగ్నిపర్వతం" దగ్గర నేను టీ పెట్టుకోవడానికి లేచాను.

వీలైతే అలన్ క్లార్క్ తీసిన 'ఎలిఫెంట్' చూడు. 1989లో బీబీసీలో వచ్చింది, 39 నిమిషాలు. ఉత్తర ఐర్లాండ్‌లో ఆ రోజుల్లో జరుగుతున్న హత్యల మీద తీశాడు. 18 హత్యలుంటాయి. ఎవరు ఎవర్ని ఎందుకు చంపుతున్నారో చెప్పడు. మాటలు దాదాపు లేవు. మనిషి నడుస్తుంటాడు, కెమెరా వీపు వెనకే నడుస్తుంది. అడుగుల చప్పుడు. తుపాకీ పేలుతుంది. చంపినవాడు వెళ్లిపోయాక కెమెరా శవం మీద ఆగిపోతుంది, ఇక చాలు బాబూ అనిపించేదాకా. కాసేపటికి నడిచే ప్రతివాణ్నీ మనమే అనుమానిస్తుంటాం: వీడు చంపేవాడా, చచ్చేవాడా?

అలాగని నిన్ను నోరు మూసెయ్యమనడం లేదు. నీది ఇంట్లో హింస, లెక్క వేరు. నీ కథలోని అన్నదమ్ములు మనకు తెలియాలి.

నాకు పదేళ్లప్పుడు మా నాన్న చెంప పగలగొట్టాడు. నొప్పి గుర్తులేదు, ఎందుకు కొట్టాడో అసలే గుర్తులేదు. ఆయన వేలికున్న తాంబూలం సున్నం గుర్తుంది. బుగ్గ మీద తెల్లటి చార పడింది. కడుక్కుంటే ఆయనకి ఇంకా కోపం వస్తుందేమోనని అద్దం ముందు అలాగే నిలబడ్డాను. నా బుర్రలో అప్పుడు ఉన్నది అంతే. తర్వాత దాన్నే ఒక కథలో "అవమానాగ్ని" అని రాసి పత్రికకు పంపాను. తిరుగుటపాలో వచ్చింది. సంపాదకుడి తప్పేం లేదు.

నీ స్క్రిప్టులోనూ అలాంటిది ఒకటి పడింది, నీకు తెలిసి రాశావో లేదో. అన్న గుమ్మం ముందు వాడు చెప్పులు విప్పి, జత సరిచేసి పెడతాడు. చంపడానికి వచ్చినవాడు! అక్కడి వాయిస్ ఓవర్ మొత్తం ఎర్ర పెన్నుతో కొట్టేశాను. ఆ చెప్పుల మీద ఎంతసేపు ఆగాలో ఎడిటింగ్‌లో తేల్చుకో. లోపల్నుంచి వదిన "భోంచేశావా?" అని అడిగే డైలాగు మాత్రం ముట్టుకోకు.

బడ్జెట్‌లో రక్తానికి ఐదు వేలు వేశావు. ఆ డబ్బు సౌండ్ రికార్డింగ్ కుర్రాడికి ఇవ్వు. కాగితాలు రేపు కొరియర్ చేస్తాను.

ఉంటాను,
అన్నయ్య