ఊళ్లో శివాలయం ఉండగా శ్రీశైలం దాకా ఎందుకు వెళ్లాలి?

దేవుడు అంతటా ఉన్నప్పుడు క్షేత్రాలకు వెళ్లడమెందుకన్నది పాత ప్రశ్నే. అందరూ చెప్పే జవాబు ఇది: శ్రీశైలం 12 జ్యోతిర్లింగాల్లో ఒకటి, 18 శక్తిపీఠాల్లోనూ ఒకటి. నాకైతే ఇది సగం జవాబే అనిపిస్తుంది. ఆ కొండతో జనం కలుపుకున్న వరసలు మిగతా సగం.

నల్లమల చెంచులకు మల్లన్న అల్లుడు, తమ పిల్లను పెళ్లాడాడు కాబట్టి. కన్నడ భక్తులకు భ్రమరాంబ ఇంటి ఆడపడుచు. ఉగాదికి వాళ్లు అడవిదారిన నడిచి వస్తారు, పుట్టింటివాళ్లలా చీర, సారె తెస్తారు.

ఇక మహాశివరాత్రి నాటి పాగాలంకరణ. చీరాల ప్రాంతపు నేత కుటుంబం రోజుకో మూర చొప్పున ఏడాది పొడవునా నేసిన పాగా అది. ఆ రాత్రి ఆలయంలో దీపాలన్నీ ఆర్పేస్తారు. చీకట్లో నేతన్న దిగంబరంగా గుడి పైకెక్కి, విమాన శిఖరం నుంచి ముఖమండపం మీది నందుల దాకా ఆ వస్త్రాన్ని చుడతాడు. స్వామి పెళ్లికొడుకయ్యాకే కల్యాణం. పాగా చుట్టేది అర్చకుడు కాదు, నేతగాడు, గమనించాల్సింది అదే.

దారి కూడా లెక్కలోకే వస్తుంది. శిఖరేశ్వరం దగ్గర నందికి నువ్వులు వేసి, కొమ్ముల మధ్యనుంచి ఆలయ శిఖరాన్ని చూస్తే మరుజన్మ లేదంటారు. మీరొచ్చినట్టు రాసుకోవడానికి సాక్షి గణపతి కలం, పుస్తకంతో కూర్చునే ఉంటాడు. ఆయనకు కనపడకుండా తిరిగొస్తే ఇంట్లో పెద్దవాళ్లు ఊరుకోరు.