యుద్ధ నిర్ణయాల గురించి నాయకులు తర్వాత చెప్పే జ్ఞాపకాలను ఎంతవరకు నమ్మవచ్చు?

నిర్ణయం జరిగిన గదిలో ఉన్నవాళ్లే చెబుతుంటే అనుమానం దేనికని అడిగారు. వాళ్లు అబద్ధమాడతారని నేను అనను. అయినా ఆ ఒక్క మాట మీద ఆధారపడను. నా పాత డైరీయే దానికి కారణం.

1999లో కార్గిల్ యుద్ధమప్పుడు నేను కాలేజీలో ఉన్నాను. నియంత్రణ రేఖ దాటకూడదన్న వాజ్‌పేయి ప్రభుత్వ నిర్ణయాన్ని మొదటి నుంచీ సమర్థించానని ఏళ్ల తరబడి అందరికీ చెప్పాను. దాని మీద స్నేహితుడితో గొడవపడ్డది కూడా కళ్లకు కట్టినట్టు గుర్తుంది. ఇల్లు మారేటప్పుడు ఆ ఏటి డైరీ బయటపడింది. జూన్ పేజీలో నా చేతిరాతే: ‘రేఖ దాటాల్సిందే. ఎందుకీ వెనకాడటం?’ ఓపిక పట్టాలని వాదించింది నా స్నేహితుడట! గొడవ నిజంగానే జరిగింది, అందులో నేనున్న వైపే మారిపోయింది. ఎవరినీ మోసం చేయాలనుకోలేదు. యుద్ధం ఎలా ముగిసిందో తెలిశాక, నెగ్గిన మాట నాదైపోయింది, అంతే. ఆ పేజీ చూసి చాలా బాధపడ్డాను.

1962లో క్యూబాలో సోవియట్ క్షిపణులు కనబడి, అమెరికా అక్కడ దాడి చేయాలా వద్దా అని తర్జనభర్జన పడిన క్యూబా క్షిపణుల సంక్షోభం మీద రాబర్ట్ కెన్నెడీ రాసిన పుస్తకం ఆయన చనిపోయాక, 1969లో వచ్చింది. అందులో ఆయన మొదటి నుంచీ దాడిని వ్యతిరేకించినవాడిగా కనిపిస్తాడు. కానీ అప్పటి అమెరికా అధ్యక్షుడైన ఆయన అన్న జాన్ కెన్నెడీ, ఆ సంక్షోభం మీద జరిగిన సమావేశాలను రహస్యంగా టేపు చేయించాడు. 1962 అక్టోబర్ 16 నాటి టేపులో, దాడికి ఏదైనా సాకు దొరుకుతుందేమోనని ఆలోచిస్తున్న రాబర్ట్ గొంతే వినిపిస్తుంది.

మన దగ్గర 1971 బంగ్లాదేశ్ యుద్ధం ఉంది. ఏప్రిల్‌లో ఇందిరా గాంధీ వెంటనే తూర్పు పాకిస్తాన్‌లోకి వెళ్లమన్నారని, తాను కాదన్నానని, రాజీనామాకైనా సిద్ధపడ్డానని అప్పటి సైన్యాధిపతి మానెక్‌షా చాలాసార్లు చెప్పారు. ఆనాటి పత్రాలు చూసిన చరిత్రకారుడు శ్రీనాథ్ రాఘవన్, అప్పటికప్పుడు సైన్యాన్ని దింపాలన్న ఆలోచన ఇందిరకే లేదంటారు. వర్షాకాలం, సన్నద్ధత గురించి సైన్యం చెప్పిన అభ్యంతరాలు సరైనవే. ఇద్దరి మధ్య పంతంగా ఆ సన్నివేశం అంత నాటకీయంగా జరిగిందా అన్నదే నా సందేహం.

అందుకే ఇలాంటి జ్ఞాపకం చదివేటప్పుడు ఆ తేదీన రాసిన కాగితం ఏదైనా ఉందేమో ముందు వెతుకుతాను. ఆ తర్వాత, చెప్పేవాళ్లు ఆ రోజు తమకేం తెలియదో, ఎక్కడ తటపటాయించారో ఒప్పుకున్నారా అని చూస్తాను. నేను ఇన్నేళ్లూ చెప్పుకొచ్చిన కార్గిల్ కథలో ఆ తటపటాయింపు ఎక్కడా లేదు.