రిటైర్మెంట్ డబ్బు రాకపోతే హైకోర్టుకు వెళ్లొచ్చు

మాస్టారూ, 2024లో రిటైరయ్యారు, పెన్షన్ వస్తోంది కానీ గ్రాట్యుటీ, కమ్యుటేషన్ (పెన్షన్‌లో కొంత భాగాన్ని ముందుగా ఒకేసారి తీసుకునే మొత్తం), సంపాదిత సెలవుల డబ్బు బిల్లులు ట్రెజరీ ఇచ్చే టోకెన్ నంబర్ దగ్గరే ఆగిపోయాయి, కోర్టుకెళ్తే ఫలితం ఉంటుందా అని అడిగారు. ఉంటుంది. తెలంగాణలో ఇప్పుడు అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ లేదు కాబట్టి నేరుగా హైకోర్టులో రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ పిటిషన్ వేయాలి.

దానికి ముందు మీ శాఖకూ ఆర్థిక శాఖకూ ఒక వినతిపత్రం రిజిస్టర్డ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి, ఎందుకంటే అడిగినా ఇవ్వలేదని చూపించడానికి అదే ఆధారం. పీపీఓ (పెన్షన్ పేమెంట్ ఆర్డర్), మంజూరు ఉత్తర్వులు, టోకెన్ వివరాల కాపీలు జత చేయాలి.

నిధులు లేవని ప్రభుత్వం అంటే? పెన్షన్, గ్రాట్యుటీ ఉద్యోగి ఆస్తి, దయతో ఇచ్చేది కాదని సుప్రీంకోర్టు 2013లో జార్ఖండ్ కేసులో ఆస్తి హక్కును కాపాడే 300ఎ అధికరణ కిందే చెప్పింది. 2021లో ఆంధ్రప్రదేశ్ కేసులో, కరోనాప్పుడు వాయిదా వేసిన జీతాలు, పెన్షన్లపై 6 శాతం వడ్డీ కట్టమంది. అందుకే పిటిషన్‌లో వడ్డీ కూడా తప్పకుండా అడగమని లాయరుకు చెప్పండి, చాలామంది ఇది మర్చిపోతున్నారు, నాకు బాధేస్తుంది.

తీర్పు వచ్చాక గడువు దాటినా డబ్బు పడకపోతే ఊరుకోవద్దు. ఆ గడువు దాటిన నాటి నుంచి ఏడాదిలోపు కోర్టు ధిక్కరణ పిటిషన్ వేయాలి, ఆ తేదీ డైరీలో రాసిపెట్టుకోండి. మహిళా రిటైరీలైతే లాయరు ఫీజు గురించి టెన్షన్ పడకండి, వాళ్లకు న్యాయసేవాధికార సంస్థ ఉచితంగానే లాయరును ఇస్తుంది.